ఐఎన్‌ఎస్ శక్తి సేవా చరిత్ర: ఇంధన నౌక చేసిన పనిని ఎక్కడ వెతకాలి?

ప్రశ్న: తీరలేఖ

భారత నౌకాదళానికి చెందిన ఫ్లీట్ ట్యాంకర్ ఐఎన్‌ఎస్ శక్తి గురించి తెలుగులో ఒక సమగ్రమైన వ్యాసం రాయాలని కొంతకాలంగా ప్రయత్నిస్తున్నాను. డిస్ట్రాయర్ల గురించో జలాంతర్గాముల గురించో రాయాలంటే సమాచారానికి కొదవ ఉండదు. ఏ యుద్ధంలో పాల్గొన్నాయి, ఏ క్షిపణిని ప్రయోగించాయి, ఎవరిని కాపాడాయి అన్నవన్నీ తేదీలతో సహా నమోదై ఉంటాయి. ట్యాంకర్ దగ్గరకు వచ్చేసరికి మాత్రం ప్రకటనలన్నీ ఒకే ధోరణిలో ఉంటున్నాయి: మూడు నాలుగు యుద్ధనౌకల పేర్లు చెప్పి, చివర ‘మరియు ఇంధన నౌక శక్తి’ అని ముగిస్తారు. ఆ నౌక అక్కడ ఏం చేసిందో, అది లేకపోతే ఏమయ్యేదో ఎవరూ చెప్పరు.

నా సందేహాల్లో మొదటిది కాలక్రమానికి సంబంధించినది. 2006లో లెబనాన్ నుంచి భారతీయులను తరలించిన నౌకల జాబితాలో శక్తి పేరు కనిపిస్తోంది. అయితే శక్తి 2011లో నౌకాదళంలో చేరిందని అధికారిక వివరాలు చెబుతున్నాయి. ఈ రెండింటికీ పొంతన ఎలా కుదురుతుంది? రెండోది, అసలు విషయానికి సంబంధించినది. కదిలే ఓడ నుంచి కదిలే ఓడకు ఇంధనం అందించడమే ఈ నౌక ప్రధాన వృత్తి అయినప్పుడు, ఆ పనిలోని కష్టం ఎంత, దాన్ని సామాన్య పాఠకుడికి అర్థమయ్యేలా ఎలా చెప్పాలి? మూడోది, ఇలాంటి నౌక సేవా చరిత్ర రాసేటప్పుడు ఏ సంఘటనలకు ప్రాధాన్యం ఇవ్వాలి? విదేశీ నౌకాదళాలతో కలిసి చేసిన విన్యాసాల జాబితా ఇచ్చి సరిపెట్టడం నాకు తృప్తినివ్వడం లేదు. తెలిసిన పెద్దలు దారి చూపగలరు.

సమాధానం: నౌకాదర్పణం

తీరలేఖ గారూ, మీ మొదటి సందేహం చాలామందికి వచ్చేదే. సేవల నుంచి తప్పించిన నౌక పేరును, తరచుగా దాని పక్కన రాసే సంఖ్యను కూడా, తర్వాత వచ్చిన నౌకకు ఇవ్వడం మన నౌకాదళంలో ఆనవాయితీ. 2006లో బెయిరూట్‌కు వెళ్లిన శక్తి, ఇప్పటి శక్తి వేర్వేరు నౌకలు, రెండింటి మీదా ఏ57 అనే సంఖ్యే ఉన్నా సరే. మొదటిది పశ్చిమ జర్మనీలోని బ్రెమర్ వుల్కాన్ నిర్మాణశాలలో తయారై 1970ల మధ్యలో మన దళంలో చేరింది, 2007లో విశ్రాంతి పొందింది. అదే నిర్మాణశాల నుంచి అంతకుముందే, 1967లో, దీపక్ వచ్చింది; అది 1996 వరకు పనిచేసింది. ఆ దీపక్ పేరును కూడా మళ్లీ వాడారు. అందుచేత దీపక్, శక్తి అనే జంట పేర్లు మన ఇంధన నౌకల చరిత్రలో రెండు తరాలుగా నడుస్తున్నాయని గుర్తుంచుకుంటే, అంతర్జాలంలోని సగం గందరగోళం విడిపోతుంది.

ఇప్పటి జంటను ఇటలీకి చెందిన ఫిన్‌కాంటియేరి సంస్థ నిర్మించింది. 2008లో ఒక నౌకకు ఒప్పందం కుదిరింది, మరుసటి ఏడాది రెండో నౌకను కూడా తీసుకోవాలని నిర్ణయించారు. దీపక్ 2011 జనవరి 21న ముంబయిలోనూ, శక్తి అదే ఏడాది అక్టోబర్ 1న విశాఖపట్నంలోనూ నౌకాదళంలో చేరాయి. పొడవు 175 మీటర్లు, పూర్తి భారంతో ఉన్నప్పుడు స్థానభ్రంశం 27,500 టన్నులు, వేగం సుమారు 20 నాట్లు (గంటకు సుమారు 37 కిలోమీటర్లు). ఆ వేగాన్ని చిన్న విషయంగా తీసుకోకండి. విశాఖలోనే ఉండే మరో ఇంధన నౌక జ్యోతి వేగం 15, 16 నాట్లకు మించదు, కాబట్టి దాన్ని వెంట తీసుకెళ్లే దళం మొత్తం దాని నడకకు తగ్గట్టు నడవాలి, లేదా దాన్ని ముందే బయలుదేరదీసి ఒక నిర్ణీత స్థలంలో కలుసుకోవాలి. శక్తి వచ్చాక ఈస్టర్న్ ఫ్లీట్‌కు తనతో సమానంగా నడవగల ఇంధన నౌక దొరికింది. పాత సముద్ర కాలుష్యాలను దృష్టిలో పెట్టుకుని ఏర్పడిన మార్పోల్ నిబంధనల ప్రకారం దీనికి డబుల్ హల్ ఉంది, అంటే బయటి పొర చిట్లినా ఇంధనం వెంటనే సముద్రం పాలు కాకుండా లోపల మరో పొర ఉంటుంది. ఈ కొనుగోలు విమర్శకు గురికాలేదని అనుకోకూడదు. నిర్మాణంలో వాడిన ఉక్కు మొదట కోరిన ప్రమాణానికి తగినది కాదని కాగ్ తన నివేదికలో అభ్యంతరం తెలిపింది. నిజాయితీగల సేవా చరిత్రలో ఆ ఒక్క వాక్యం కూడా ఉండాలి.

ఇక శక్తి తిరిగిన సముద్రాలు. 2012లో రాణా, శివాలిక్, కార్ముక్ నౌకలతో కలిసి తూర్పు ఆసియాకు వెళ్లింది. జపాన్‌తో మన నౌకాదళం మొట్టమొదటిసారి జరిపిన ద్వైపాక్షిక విన్యాసం జిమెక్స్ ఆ ప్రయాణంలోనే, జూన్ నెలలో జరిగింది, ఆ వెంటనే ఈ నాలుగు నౌకలూ షాంఘై రేవుకు వెళ్లాయి. 2014లో శివాలిక్, రణ్‌విజయ్‌లతో వెళ్లి వ్లాదివోస్తోక్ దగ్గర రష్యా నౌకాదళంతో ఇంద్ర విన్యాసంలోనూ, అదే ప్రయాణంలో జపాన్ దగ్గర అమెరికా, జపాన్‌లతో మలబార్ విన్యాసంలోనూ పాల్గొంది. ఒకే నెలలో ఆ రెండు పక్షాల మధ్య మన నౌకలు తిరగగలిగాయంటే దౌత్యం ఎంత కారణమో ఇంధనమూ అంతే కారణమని నా అభిప్రాయం. 2015, 2016 మలబార్ విన్యాసాల్లో మళ్లీ కనిపిస్తుంది. 2019 ఏప్రిల్‌లో చైనా నౌకాదళం 70వ వార్షికోత్సవం సందర్భంగా చింగ్‌దావ్ వద్ద జరిగిన సమీక్షకు డిస్ట్రాయర్ కోల్‌కతాతో కలిసి వెళ్లింది. తర్వాత మే నెల మొదట్లో అవే రెండు నౌకలు దక్షిణ చైనా సముద్రంలో అమెరికా, జపాన్, ఫిలిప్పీన్స్ నౌకలతో కలిసి ప్రయాణించాయి. 2020 నవంబర్‌లో ఆస్ట్రేలియా తిరిగి చేరిన మలబార్ తొలి దశ బంగాళాఖాతంలో జరిగినప్పుడు అందులోనూ శక్తి ఉంది. 2024 మే నెలలో ఢిల్లీ, కిల్తాన్‌లతో కలిసి మనీలా వెళ్లింది. మరుసటి ఏడాది ఆగస్టులో అవే మూడు నౌకలు ఫిలిప్పీన్స్ నౌకాదళంతో దక్షిణ చైనా సముద్రంలో మొదటి ద్వైపాక్షిక ఉమ్మడి ప్రయాణం చేశాయి.

ఈ వరుసను గమనించండి. శక్తి వెంట వెళ్లిన యుద్ధనౌకల పేర్లు మారుతూ వచ్చాయి. రాణా, శివాలిక్, రణ్‌విజయ్, సాత్పురా, సహ్యాద్రి, కోల్‌కతా, ఢిల్లీ. మారని పేరు ట్యాంకర్‌ది. మీరు వ్యాసం రాయవలసిన కోణం అక్కడే ఉందని నాకు తోస్తోంది.

సమాధానం: పాత లంగరు

నేను నౌకాదళంలో డెక్ మీద పనిచేసి పదవీ విరమణ చేసినవాణ్ణి, ఇంధనం తీసుకునే వైపూ ఇచ్చే వైపూ రెండూ చూశాను. మీ రెండో ప్రశ్నకు నాకు తెలిసినంత చెబుతాను. సముద్రంలో నడుస్తుండగానే ఇంకో నౌకకు ఇంధనం, సరుకులు అందించే పనిని మేము ‘రాస్’ (రీప్లెనిష్‌మెంట్ ఎట్ సీ) అంటాం.

ముందు ఎందుకు అన్నది అర్థం కావాలి. ఓడ వేగం పెరిగేకొద్దీ నీటి నిరోధాన్ని అధిగమించడానికి కావలసిన శక్తి సుమారుగా వేగపు ఘనానికి అనులోమంగా పెరుగుతుంది. వేగం రెండింతలు చేయాలంటే ఎనిమిదింతల శక్తి కావాలి; సగం సమయంలో చేరుకుంటారు కాబట్టి, అదే దూరానికి సుమారు నాలుగింతల ఇంధనం ఖర్చవుతుంది. యుద్ధనౌక నెమ్మదిగా వెళితే వేల మైళ్లు వెళ్లగలదని పుస్తకాల్లో రాస్తారు, కానీ జలాంతర్గామిని వెతుకుతూనో, విమానవాహక నౌక వెంట పరుగెడుతూనో ఉన్నప్పుడు ఆ లెక్క నిలవదు. పైగా ఏ కెప్టెన్ కూడా ట్యాంకులు అడుగంటే దాకా ఆగడు. ఎప్పుడు ఏ ఆదేశం వస్తుందో తెలియదు కాబట్టి నిల్వ ఒక స్థాయికి తగ్గకముందే నింపుకోవాలని చూస్తాడు. ఇంధనం బరువు తగ్గితే కొన్ని నౌకల స్థిరత్వం మీద కూడా ప్రభావం పడుతుంది. అందుచేత దూరప్రయాణంలో ట్యాంకర్ దగ్గరకు వెళ్లడం కొన్ని రోజులకొకసారి తప్పని పని.

ఇక పద్ధతి. ట్యాంకర్ ఒక దిశను, ఒక వేగాన్ని ఎంచుకుని, సాధారణంగా 12 నుంచి 15 నాట్ల మధ్య, దాన్ని ఏమాత్రం మార్చకుండా పట్టుకుని ఉంటుంది. ఇంధనం తీసుకునే నౌక వెనుక నుంచి వచ్చి, ట్యాంకర్ పక్కకు చేరి, సుమారు 30 నుంచి 50 మీటర్ల ఎడం ఉంచుకుని అదే వేగానికి సర్దుకుంటుంది. ఎవరు సర్దుకోవాలన్నది మొదటి నియమం. ఇచ్చేవాడు కదలడు, తీసుకునేవాడే తన ఇంజన్ చక్రాలను నాలుగైదు తిప్పులు పెంచుతూ తగ్గిస్తూ పక్కన నిలబడాలి. రెండు పెద్ద ఓడలు దగ్గరగా ప్రయాణిస్తున్నప్పుడు వాటి మధ్య ఇరుకైన నీటి పాయలో ప్రవాహం వేగం పెరిగి పీడనం తగ్గుతుంది, దానివల్ల ఓడలు ఒకదానివైపు మరొకటి లాగబడతాయి. పక్కకు చేరేటప్పుడూ విడిపోయేటప్పుడూ ముక్కు వైపు, తోక వైపు ఈ లాగుడు వేరువేరుగా ఉంటుంది. అందుకని చుక్కాని దగ్గర అనుభవజ్ఞుణ్ణి నిలబెడతారు, అతనితో ఆ సమయంలో ఇంకెవరూ మాట్లాడరు.

పక్కన నిలదొక్కుకున్నాక ఒక నౌక నుంచి రెండో నౌక మీదకు గన్ లైన్ పేలుస్తారు. అది సన్నని దారం. దానికి కాస్త లావైన తాడు, దానికి ఇంకా లావైనది, చివరకు ఉక్కు తీగ, ఇలా ఒకదాని వెంట ఒకటి లాగుతారు. ఆ ఉక్కు తీగను స్పాన్ వైర్ అంటారు. రెండు ఓడలూ అలల మీద ఊగుతుంటే ఆ తీగ ఒకసారి వదులై మరోసారి బిగుసుకుని తెగిపోకుండా, ట్యాంకర్ మీద ఉండే టెన్షనర్ దాని బిగువును ఎప్పటికప్పుడు సమంగా ఉంచుతుంది. నల్లని ఇంధన గొట్టం ఆ తీగకు వేలాడుతూ అవతలికి పోతుంది. దాని చివర ఉన్న ప్రోబ్ అనే లోహపు కొన అవతలి నౌక మీది గూటిలో దిగి బిగుసుకున్నాక పంపులు మొదలవుతాయి. ఓడల ముందుభాగాల మధ్య మరో తాడు ఉంటుంది, దాని మీద నిర్ణీత దూరాలకు రంగు జెండాలు, రాత్రి అయితే దీపాలు. ఎడం ఎంతుందో బ్రిడ్జ్ (ఓడను నడిపించే గది) మీద ఉన్నవాళ్లు దాన్ని చూసి చెబుతారు. శక్తి, దీపక్‌ల సామర్థ్యం గంటకు 1,500 టన్నుల దాకా ఉందని చెబుతారు. ఒకేసారి నాలుగు నౌకలకు కూడా ఇవ్వగలవు. సముద్రం మరీ ఉద్ధృతంగా ఉండి పక్కపక్కన నిలవడం ప్రమాదకరమైనప్పుడు, ట్యాంకర్ తన వెనుక గొట్టాన్ని నీటిలో తేలుస్తూ వదులుతుంది, తీసుకునే నౌక వెనుక నుంచి వచ్చి దాన్ని అందుకుంటుంది. అది నిదానంగా సాగే పద్ధతి.

చూసేవాళ్లకు ఇది ఒక కవాతులా అనిపిస్తుంది. నిజానికి ఇంధనం పారుతున్నంతసేపూ రెండు నౌకలూ తప్పించుకోలేని స్థితిలో ఉంటాయి, దిశ మార్చలేవు, వేగం పెంచలేవు. జలాంతర్గామికి అంతకంటే మంచి లక్ష్యం దొరకదు. అందుకే అత్యవసరంగా విడిపోయే అభ్యాసాన్ని మామూలు అభ్యాసం కంటే ఎక్కువ శ్రద్ధతో చేయిస్తారు: సంకేతం రాగానే పంపులు ఆపడం, ప్రోబ్ ఊడదీయడం, తాళ్లు వదలడం అన్నీ క్షణాల్లో వరుస తప్పకుండా జరగాలి. వరుస తప్పితే తెగిన తీగ మనుషులను చంపుతుంది.

ట్యాంకర్ లోపలి పని గురించి ఎవరూ రాయరు కాబట్టి అదీ చెబుతాను. ట్యాంకర్‌లో ఒకే రకం ఇంధనం ఉండదు. గ్యాస్ టర్బైన్లకు, డీజిల్ ఇంజన్లకు వెళ్లే ఇంధనం ఒకటి, హెలికాప్టర్లకు ఏటీఎఫ్ అనే విమాన ఇంధనం వేరు. పాత ఆవిరి నౌకలు ఉన్నన్నాళ్లు వాటికి ఫర్నేస్ ఆయిల్ కూడా మోయవలసి వచ్చేది. వీటిని కలవనివ్వకుండా, నీరు చేరనివ్వకుండా చూడటం రాత్రింబవళ్ల పని. టర్బైన్‌కు ఉప్పునీటి చుక్క కూడా పడదు. ఇంధనం ఇచ్చేకొద్దీ ట్యాంకర్ పైకి తేలుతుంది, అప్పుడు వేరే ట్యాంకుల్లోకి సముద్రపు నీరు నింపుకుని నిలకడ కుదుర్చుకోవాలి. మంచినీరు, ఆహారం, మందుగుండు, విడిభాగాలు, అవి కూడా తాళ్ల మీదుగానో హెలికాప్టర్ మీదనో పోతాయి. బ్రిటన్, అమెరికా దేశాల్లో ఇలాంటి నౌకలను ఎక్కువగా పౌర సిబ్బంది నడుపుతారు, మన దగ్గర ట్యాంకర్లన్నీ నౌకాదళ సిబ్బందివే, అందుకే వాటికి ఐఎన్‌ఎస్ అన్న పేరు.

మీరు వ్యాసంలో ఈ పని ఎన్నిసార్లు జరిగిందో లెక్క చెప్పలేకపోవచ్చు. కానీ ఒకసారి ఎలా జరుగుతుందో సరిగా వర్ణించగలిగితే, ‘మరియు ఇంధన నౌక శక్తి’ అన్న మాటను పాఠకుడు ఆ తర్వాత వేరుగా చదువుతాడు.

సమాధానం: ఉప్పుగాలి

నౌకాదర్పణం గారు ఇచ్చిన వివరాల మీద నాకు వివాదం లేదు, కానీ ఆ వరుసలో దాదాపు అన్నీ విన్యాసాలు, రేవు పర్యటనలే. ట్యాంకర్ విలువను విన్యాసాల్లో కొలిస్తే తక్కువ అంచనా వేసినట్లే అవుతుంది. శక్తికే పరిమితం కాకుండా దాని తోటి నౌకలను కూడా కలిపి చూడమని తీరలేఖ గారికి నా సలహా.

మొదట 1971. డిసెంబర్ 4 రాత్రి కరాచీ మీద జరిగిన ఆపరేషన్ ట్రైడెంట్ అనగానే అందరికీ నిపాత్, నిర్ఘాత్, వీర్ అనే క్షిపణి పడవలు గుర్తొస్తాయి. అవి తీర రక్షణ కోసం రూపొందిన చిన్న పడవలు. అంత దూరం వెళ్లి దాడి చేసి తిరిగి రావడం వాటి స్వభావంలో లేదు. వాటికి తోడుగా కిల్తాన్, కచ్చల్ అనే రెండు యుద్ధనౌకలూ, పోషక్ అనే ట్యాంకరూ బయలుదేరాయి. దాడికి కావలసిన ధైర్యం పడవల్లో ఉన్నవాళ్లదే, అందులో సందేహం లేదు. కానీ తిరుగు ప్రయాణానికి ఇంధనం ఏర్పాటు లేకుండా ఆ ప్రణాళికను ఎవరూ ఆమోదించి ఉండేవారు కాదు. మరో వైపు నుంచి చూస్తే, నాలుగు రోజుల తర్వాత జరిగిన ఆపరేషన్ పైథాన్‌లో వినాశ్ ప్రయోగించిన క్షిపణుల్లో ఒకటి పాకిస్తాన్ నౌకాదళపు ట్యాంకర్ ఢాకాకు తగిలింది. కరాచీ రేవులోని కెమారీ దగ్గరి చమురు నిల్వలు కూడా ఆ దాడుల్లో తగలబడ్డాయి. అవతలి దళం నౌకలను ముంచడం ఒక పద్ధతి అయితే, వాటికి ఇంధనం లేకుండా చేయడం ఇంకొక పద్ధతి. ఆ రెండు రాత్రుల్లో రెండూ జరిగాయి.

తర్వాత నౌకాదర్పణం గారు ప్రస్తావించి వదిలేసిన 2006 నాటి ఆపరేషన్ సుకూన్. మధ్యధరా పర్యటన ముగించుకుని వస్తున్న ముంబయి, బ్రహ్మపుత్ర, బేత్వా, పాత శక్తి నౌకలను లెబనాన్ వైపు మళ్లించారు. బెయిరూట్ నుంచి సైప్రస్‌లోని లార్నాకా రేవుకు సుమారు 2,280 మందిని చేర్చారు, వారిలో శ్రీలంక, నేపాల్ పౌరులు కూడా ఉన్నారు. ఇజ్రాయెల్ దిగ్బంధంలో ఉన్న రేవులో యుద్ధనౌకకు ఇంధనం దొరుకుతుందని ఎవరూ లెక్క వేసుకోరు. ఇంటికి వెళుతున్న దళాన్ని ఉన్నపళంగా వెనక్కు తిప్పి, ఎన్నాళ్లు పడుతుందో తెలియని పనికి పెట్టగలగడానికి, వెంట ట్యాంకర్ ఉండటం చాలా పెద్ద కారణం. ఆ నౌక ఆ మరుసటి ఏడాదే విశ్రాంతి పొందిందన్న సంగతి కూడా మీరు చేర్చవచ్చు. చివరి దశలో చేసిన పెద్ద పని అది.

ఇప్పటి దీపక్ చేసిన రెండు పనులు ఇంకా ఆసక్తికరమైనవి. 2013 నవంబర్‌లో రష్యాలో విక్రమాదిత్యను అప్పగించుకున్నాక, ఆ విమానవాహక నౌకను ఉత్తర సముద్రాల నుంచి స్వదేశానికి తోడ్కొని వచ్చిన నౌకల్లో త్రికండ్‌తో పాటు దీపక్ ఉంది. శీతాకాలంలో బారెంట్స్ సముద్రం నుంచి కార్వార్ దాకా, అట్లాంటిక్ మీదుగా, మధ్యధరా మీదుగా. 2014 జనవరి మొదటి వారంలో విక్రమాదిత్య కార్వార్ చేరింది. అప్పటికి ఆవిరి బాయిలర్లతో నడిచే అంత పెద్ద నౌక అంత దూరం రావడంలో ట్యాంకర్ వాటా ఎంత ఉంటుందో పాత లంగరు గారి వర్ణన చదివాక ఊహించుకోవచ్చు.

రెండోది అదే ఏడాది డిసెంబర్‌లో. మాల్దీవుల రాజధాని మాలేలో సముద్రపు నీటిని మంచినీరుగా మార్చే కేంద్రంలో అగ్నిప్రమాదం జరిగి, లక్షకు పైగా జనాభా ఉన్న నగరానికి తాగునీరు ఆగిపోయింది. వాయుసేన విమానాలు, సుకన్య నౌక ముందుగా చేరాయి. ఆ తర్వాత దీపక్ దాదాపు వెయ్యి టన్నుల మంచినీటితో వెళ్లింది. విమానం మోసే నీరు పదుల టన్నుల్లో ఉంటే, ట్యాంకర్ మోసేది వందల టన్నుల్లో ఉంటుంది, పైగా అది అక్కడే నిలబడి రోజూ నీరు తయారు చేస్తూ ఉండగలదు. యుద్ధనౌకగా ఎవరూ లెక్కచేయని నౌక ఆ వారం పొరుగు దేశంలో భారతదేశానికి తెచ్చిన మంచిపేరు, ఏ క్షిపణి ప్రయోగమూ తేలేనిది. నా మాటలో కొంత పక్షపాతం ఉండవచ్చు, అయినా అదే నా నమ్మకం.

తీరలేఖ

ముగ్గురికీ కృతజ్ఞతలు. పేర్ల చిక్కు విడిపోయింది. వ్యాసాన్ని శక్తి అనే పేరు చుట్టూ కాకుండా, ఆ పేరు మోసిన రెండు నౌకల చుట్టూ, వాటి తోటి నౌకల చుట్టూ నిర్మించాలని నిర్ణయించుకున్నాను. మరొక్క ప్రశ్న మిగిలింది. మన దగ్గర ప్రస్తుతం ఇలాంటి నౌకలు ఎన్ని ఉన్నాయి, విశాఖలో కట్టబోతున్న కొత్త నౌకల స్థానం ఏమిటి? మిత్రదేశాల ట్యాంకర్ల నుంచి ఇంధనం తీసుకునే ఒప్పందాలు ఉన్నప్పుడు సొంత నౌకలు అంతగా అవసరమా అని ఒకరు అడిగారు, దానికి నేను సరైన జవాబు చెప్పలేకపోయాను.

సమాధానం: నౌకాదర్పణం

దీపక్, శక్తి కాక మరో రెండు ఉన్నాయి. జ్యోతిని రష్యాలోని సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో ఉన్న అడ్మిరాల్టీ నిర్మాణశాల నుంచి తీసుకుని 1996లో దళంలో చేర్చారు. వాణిజ్య ట్యాంకర్‌గా రూపొందిన నౌకను నౌకాదళ అవసరాలకు మార్చారు కాబట్టే దాని నడక నెమ్మది. అయినా 2007లో జపాన్ వరకు, 2017లో ఆస్ట్రేలియా పశ్చిమ తీరంలోని ఫ్రీమాంటిల్ వరకు మన నౌకల వెంట వెళ్లింది. నాలుగోది ఆదిత్య. దాన్ని కోల్‌కతాలోని గార్డెన్ రీచ్ నిర్మాణశాల కట్టింది. 1980ల మధ్యలో పని అప్పగిస్తే 1993లో జలప్రవేశం చేసి 2000 ఏప్రిల్‌లో దళంలో చేరింది, అంటే సుమారు పదిహేనేళ్లు. ఇతర నౌకలకు సముద్రంలోనే మరమ్మతులు చేసే వసతి దానికి ఉండటం మంచి విషయమే, కానీ ఆ జాప్యం వల్లే తర్వాతి జంటకు ఇటలీ వైపు చూడవలసి వచ్చిందని అనుకోవడంలో అన్యాయం లేదు.

రెండు తీరాలకు కలిపి నాలుగే నౌకలు, అందులో ఏదో ఒకటి ఎప్పుడూ మరమ్మతుల్లో ఉంటుంది. అందుకే ఫ్లీట్ సపోర్ట్ షిప్‌ల ప్రణాళిక. 2023 ఆగస్టు 25న రక్షణ మంత్రిత్వ శాఖ విశాఖలోని హిందుస్థాన్ షిప్‌యార్డ్‌తో సుమారు 19,000 కోట్ల రూపాయల విలువైన ఒప్పందం చేసుకుంది. ఐదు నౌకలు, ఒక్కొక్కటి 44,000 టన్నులు. మొదటి నౌకకు ఉక్కు కోత 2024 ఏప్రిల్‌లో మొదలైంది. శక్తితో పోలిస్తే ఒక్కో నౌక ఒకటిన్నర రెట్లకు పైగా పెద్దది. ఇంధనంతో పాటు మందుగుండు, ఆహారం, విడిభాగాలు కూడా అధిక మోతాదులో మోస్తాయి కాబట్టి వీటిని ట్యాంకర్లు అనకుండా సపోర్ట్ షిప్‌లు అంటున్నారు. ఇంత పరిమాణంలో ఇలాంటి నౌకలను మన దేశంలో కట్టడం ఇదే మొదటిసారి. ఆదిత్య అనుభవం తెలిసినవాళ్లకు గడువుల విషయంలో కొంత జంకు ఉండటం సహజం.

ఒప్పందాల సంగతి. అమెరికాతో 2016లో లెమోవా అనే పరస్పర సరఫరా ఒప్పందం కుదిరింది, ఆ తర్వాత ఫ్రాన్స్, ఆస్ట్రేలియా, జపాన్ వంటి దేశాలతో అలాంటి ఏర్పాట్లు జరిగాయి. 2020 సెప్టెంబర్‌లో అరేబియా సముద్రంలో ఐఎన్‌ఎస్ తల్వార్ అమెరికా ట్యాంకర్ యూకాన్ నుంచి ఇంధనం తీసుకుంది. సముద్రదొంగలపై గస్తీ, విన్యాసాలు, విపత్తు సహాయం వంటి పనుల్లో ఇది ఎంతో ఉపయోగం, మన ట్యాంకర్ ఒకటి మరో చోటికి వెళ్లడానికి వెసులుబాటు దొరుకుతుంది. అయితే ఆ ఒప్పందం ఇంధనం ఇచ్చితీరాలన్న బాధ్యతను ఎవరి మీదా పెట్టదు. అడిగిన ప్రతిసారీ విడిగా నిర్ణయించుకుంటారు, ఇచ్చినదానికి డబ్బో సమానమైన సరుకో తిరిగి ఇవ్వాలి. మన యుద్ధంలో తలదూర్చడం ఇష్టంలేని మిత్రదేశం ఆ రోజు కాదనవచ్చు, దానికి తప్పు పట్టలేం. 1971లో పోషక్ చేసిన పనిని పరాయి ట్యాంకర్ చేస్తుందని ఏ నౌకాదళాధిపతీ ప్రణాళికలో రాసుకోడు. మిమ్మల్ని అడిగినవారికి ఆ ఒక్క ఉదాహరణ చెబితే సరిపోతుంది.

సమాధానం: పాత లంగరు

ఒక చిన్న చేర్పు. వ్యాసంలో నౌకల పేర్లు వరుసగా రాసేటప్పుడు, ఆ ప్రయాణంలో అవి తాకిన రేవులను కూడా పటం మీద గుర్తించి, రేవుకూ రేవుకూ మధ్య దూరాన్ని పక్కన వేయండి. ఉదాహరణకు 2012 ప్రయాణంలో సింగపూర్, వియత్నాం, ఫిలిప్పీన్స్, జపాన్, దక్షిణ కొరియా, చైనా, మలేసియా రేవులు ఉన్నాయి. కార్ముక్ కార్వెట్, అంటే చిన్న యుద్ధనౌక, దాని ఇంధనపు ట్యాంకులు రాణా ట్యాంకుల్లో ఎన్నో వంతుకు కూడా రావు. అలాంటి నౌక అంత దూరం పెద్ద నౌకలతో సమానంగా వెళ్లి వచ్చిందంటే, మధ్యలో శక్తి పక్కకు ఎక్కువసార్లు చేరవలసి వచ్చింది దానికే. ఆ దూరాలను చూపిస్తే శక్తి ఎక్కడెక్కడ పనిచేసిందో పాఠకులు తామే పటం మీద వేలు పెట్టి చెప్పగలరు.